ఒకే తాను

రెండేళ్లు బడి గేటు దగ్గరే నిలబడ్డాం.
వాన గురించి మాట్లాడుకున్నాం,
అది అయిపోతే మళ్లీ వాన గురించే.
పిల్లల పేర్లే మా పేర్లు.
నేను నిహిర వాళ్లమ్మని,
ఆ పొడుగావిడ సగల్ వాళ్లమ్మ.

వేసవి సంతకి ముందు ఫోలాకే అంది:
"మా యోరుబా పెళ్లిళ్లలో
చుట్టాలంతా ఒకే గుడ్డ కట్టుకుంటారు."
"మనం చుట్టాలమా?" నవ్వింది గెయిల్.
"కట్టుకుంటే అవుతాం."

లెస్టర్‌లో, బెల్‌గ్రేవ్ రోడ్డు మీద
హంసాబెన్ కొట్లో అడుగున పడున్న తాను.
నేను నెమలికంఠం అన్నాను,
గెయిల్ సముద్రం అంది.
హోదన్ మాత్రం గుడ్డని గోటితో గీకి
"ఉతికితే వెలుస్తుందా?" అనడిగింది.

తాను ఒకటే. కట్టే తీరే ఎవరిది వాళ్లది.
హోదన్‌కి మడమల దాకా,
ఫోలాకేకి తలమీద గోపురమంత పాగా,
గెయిల్‌కి చేతుల్లేకపోయినా పర్లేదు, జేబులుండాలి.
నాకు మిగిలిన ముక్కలో జాకెట్టు.

మా చిన్న గదిలో, మిషను పక్కన,
భుజానికి టేపు ఆనించగానే
హోదన్ కళ్లు మూసుకుంది.
"నన్నెవరైనా కొలిచి ఎన్నేళ్లయిందో."

గెయిల్ నడుము దగ్గర ఊపిరి బిగబట్టింది.
"కాస్త వదులుగా కుట్టు.
ఇంకా ఎవరికీ చెప్పలేదు.
రెండుసార్లు ముందే చెప్పి..."
మాట అక్కడే తెగింది.
నా పెదాల మధ్య గుండుసూదులున్నాయి,
ఏమీ అనలేకపోవడమే మంచిదైంది.
మామూలుగా రెండు వేళ్లు వదిలే చోట
లోపలికి నాలుగు వేళ్ల గుడ్డ మడిచాను.

సంత రోజు వాన. రంగు దిగింది.
హోదన్ ముందే అంది కదా.
నలుగురి మోచేతులూ నెమలికంఠాలే.
హెడ్మాస్టరు ప్రిచర్డ్ గొడుగు కిందనుంచి
"మన సమోసాల అమ్మలు!" అన్నాడు.
మేం అమ్ముతున్నవి కేకులు.
తడిసి ముద్దయిన పాగా పిండుకుంటూ
ఫోలాకే ఎంత నవ్విందంటే
పక్క బల్లవాళ్లు కూడా కారణం తెలీకుండా నవ్వారు.

అక్టోబరులో గెయిల్ ఆ గౌను పట్టుకొచ్చింది.
బ్లేడుతో పక్క కుట్లు విప్పాను.
ఎండ చూడని ఆ నాలుగు వేళ్ల గుడ్డ
ఇంకా కొట్లో ఉన్న రంగులోనే ఉంది.
వెలిసినదాని పక్కన అది చారలా కనిపిస్తుందని చెప్పాను.
కనిపించనీ, అంది,
చేతులెత్తి నిలబడి.

కిటికీ మీద వాన.
దాని గురించి ఎవరం మాట్లాడలేదు.