అంచులు కోయని పుస్తకం

బడి నుంచి వచ్చిందీ పుస్తకం,
పద్యం కట్టడం నేర్పే పాత లక్షణగ్రంథం.
వెన్ను విరిగింది, కుట్లు ఊడాయి.
తెరిస్తే చేపనూనె వాసన.
హెడ్మాస్టరు చీటీ జత చేశాడు:
"హల్ల్‌బేరా గారికి. కొత్త అట్ట వేయాలి.
పెన్సిలు రాతలు చెరిపేయాలి.
అంచులు సమంగా కోయాలి."

ఈసాఫ్యోర్దుర్‌లో సూర్యుడు
కొండ వెనక్కి పోయి వారమైంది.
జనవరి చివర దాకా రాడు.
మధ్యాహ్నమే దీపం పెట్టుకుని
రబ్బరు ముక్కతో కూర్చున్నాను.

గ్రంథకర్త గొంతు కటువు:
మొదటి పాదానికి రెండు ఊతాలు,
రెండో పాదం నెత్తిన మూడోది,
మూడింటికీ ఒకటే అక్షరం.
తప్పితే ఇల్లు కూలుతుంది.
ఆ పక్కనే, మార్జిన్లో, వంకర చేతిరాత:
"బంగాళాదుంపలు రెండు బస్తాలు. ఉప్పు చాలదు."
చెరిపేశాను.

అట్ట లోపలి కాగితం మీద పేరు: ఆస్వాల్దుర్,
చేపల ఓడలో వంటవాడు.
అచ్చులన్నీ ఒకదానికొకటి చుట్టాలే,
ఏది దేనితోనైనా పొసగుతుందన్న సూత్రం కింద
"మా అత్తగారి వైపు వాళ్ళలాగా కాదు" అని రాసుకున్నాడు.
నవ్వుకున్నాను.
నవ్వుతూనే చెరిపేశాను.

అరవై ఒకటో పేజీ.
సకారం కింద టకారం చేరితే
ఆ జంట విడదు, అన్నాడు గ్రంథకర్త.
స్టకి స్టయే జోడు. ఒంటి స పనికిరాదు.
ఇక్కడ వంటవాడి అక్షరాలు చిన్నవయ్యాయి,
ఎవరూ చదవకూడదన్నట్టు.
"స్టుర్లా. పదిహేడేళ్ళు."
దాని కింద పదకొండు సార్లు ఒకే పద్యం,
పదకొండు కొట్టివేతలు.

మా భాషలో నక్షత్రం స్టతోనే మొదలవుతుంది.
పెట్టాడు. కొట్టేశాడు.
పక్కన: "వాడు చూస్తే నవ్వుతాడు."
తుఫానూ అంతే. పెట్టాడు,
"అది తీసుకున్నది చాలు" అని కొట్టేశాడు.
రాయి. కుర్చీ. ఓడ చుక్కాని.
ఆ రాత్రి ఓడ వంటగదిలో
సూపు మాడే ఉంటుంది.

పన్నెండోసారి స్టిగ్‌వ్యెల్ అని రాశాడు.
అంటే బూట్లు,
మోకాలి దాకా వచ్చే రబ్బరు బూట్లు.
నెత్తిన సరిగ్గా కూర్చుంది మాట,
ఊతాలు మూడూ నిలబడ్డాయి.
ఇది కొట్టలేదు. రెండో పాదం పూర్తీ చేయలేదు.
పెన్సిలు గట్టిగా నొక్కి,
ఛందస్సు లేకుండా, ప్రాస లేకుండా,
"బూట్లు నావే.
వాడికి రెండు సైజులు పెద్దవి.
నీళ్ళు నిండాయి."

తర్వాత నూట నలభై పేజీలు
మార్జిన్లు ఖాళీ.

ముప్పై ఏళ్ళుగా పుస్తకాలు కుడుతున్నాను,
ఒక్క పాదం రాసి ఎరగను.
నియమం మనిషిని ఎటు తోలుతుందో
నాకెలా తెలుస్తుంది?
అందమైన మాటల తలుపులన్నీ మూసి
చివరికి వాణ్ణి
చెప్పులు విడిచే గడప దగ్గర
ఒంటరిగా నిలబెట్టింది.
ఆ గ్రంథకర్త అటువైపు చూసి ఉండడు.
ఉదాహరణ పద్యాల్లో ఆయనకి
హంసలు చాలు.

రబ్బరు ముక్క సొరుగులో పడేశాను.
కోత యంత్రం మీద గుడ్డ కప్పాను;
సమంగా కోస్తే, "నీళ్ళు నిండాయి" పోతుంది.
కుట్లు వేశాను, వెన్నుకి జిగురు రాశాను,
నల్లరాళ్ళు రెండు బరువు పెట్టాను.

అయినా నిద్ర పట్టలేదు.
లేచి, రాళ్ళు తీసి, మొదటి పేజీలు తెరిచి
దీపాన్ని బాగా వంచాను.
చెరిపిన చోట పెన్సిలు గాడి
సన్నగా, పడవ వెళ్ళిన నీటి చారలా, కనబడింది.
అదే గాడిలో నా పెన్సిలు పెట్టి
నెమ్మదిగా దిద్దాను:
బంగాళాదుంపలు రెండు బస్తాలు.
ఉప్పు చాలదు.

హెడ్మాస్టరుకి బిల్లు:
అట్ట, కుట్టు, జిగురు.
అంచులు కోయలేదు కనుక
ఆ మేరకు తగ్గించాను.