మిస్ కోకిల అన్న మాటలు

మా తాతకు ఆరో యేట విషజ్వరంలో చెవులు పోయాయి.
పెరంబూరు డేరా సినిమాలో టికెట్లు చింపేవాడు.
ఆమె సంగతి నాకు తెలిసినంతా
ఆయన రెండు చేతులూ చెప్పిందే.
తప్పులుంటే అవి నా కళ్ళవి.

అసలు పేరు పేరంటాలు.
చూళై మిల్లులో కండెలు చుట్టే పిల్ల.
నత్తి.
పేరడిగితే "పే" దగ్గర పట్టుకుపోయి
అడిగినవాడు వెళ్ళిపోయేదాకా అక్కడే నిలబడేది.
కంపెనీవాళ్ళు మిస్ కోకిల అని పెట్టారు.
ఎకసెక్కానికి కాదు, ఆ యేడు
బొంబాయి పోస్టర్ల మీద పిట్టల పేర్లకి గిరాకీ.

నాలుగు బొమ్మలు, మూడేళ్ళు.
కీల్పాక్‌లో అద్దాల కప్పు కింద
ఎండ ఉన్నంతసేపే రాచరికం.
మబ్బు పట్టిందంటే మహారాణి
కిరీటం తీసి ఒళ్ళో పెట్టుకుని
అందులోంచి బఠాణీలు తినేది.
ఎరుపంతా నలుపైపోయే ఫిలిం అది.
పిండి పూసిన మొహం మీద నల్లటి పెదవులు.
చెవిటివాడికి
అంతకన్నా పెద్దక్షరాలు ఎవరు రాసిపెడతారు?

తెర పక్కన కర్ర పట్టుకుని ఆదిమూలం పిళ్ళై
తమిళంలో ఒకసారి, తెలుగులో ఒకసారి
ఆమెకు మాటలు అరువిచ్చేవాడు:
"హా ప్రాణేశ్వరా! ఈ అభాగిని నెవరు కాచెదరు!"
నేల తరగతి ముక్కు చీదుకునేది.
తెర మీద పెదవులు మాత్రం
"కాళ్ళు కాలుతున్నాయయ్యా,
ఇసక మీద కాసిని నీళ్ళు కొట్టించండి"
అంటున్నాయి.
తాత ఫక్కున నవ్వాడు.
మేనేజరు చెంప పగలగొట్టాడు.

మూడో బొమ్మలో శాపం పెట్టే ఘట్టం.
జుట్టు విరబోసి, కళ్ళురిమి, వేలు చాచి:
"బియ్యం రూపాయిన్నర, అద్దె మూడు,
తమ్ముడి పలక రెండణాలు,
శెట్టికి పాతబాకీ..."
ఎంతో, ఆ అంకె దగ్గర కత్తిరించేశారు.
పదకొండు రాత్రులు చూశాడు తాత.
ఒక్క అక్షరమూ రెండుసార్లు రాలేదు.

ఒకసారి తన బొమ్మ చూడ్డానికి తనే వచ్చింది,
ముసుగేసుకుని, రెండణాల టికెట్టుకి.
తాత దాన్ని చింపుతూ
గొంతు లేకుండా, పెదవులతో అన్నాడు:
కాళ్ళు కాలుతున్నాయయ్యా.
ఆమె బిత్తరపోయింది. తర్వాత నవ్వింది.
తర్వాత ఏదో చెప్పబోయింది.
పెదవులు "మ" మీద మూసుకున్నాయి, మళ్ళీ, మళ్ళీ,
వెనక లైను తోసుకొచ్చేసింది.
ఇక్కడికొచ్చేసరికి తాత చేతులు
కాసేపు ఒళ్ళో పడుకుంటాయి.

మాటల బొమ్మలొచ్చాయి.
గోడలకి కంబళ్ళు కొట్టిన గదిలో నిలబెట్టి
ఒక్క వాక్యం చెప్పమన్నారట.
తాత అక్కడ లేడు. ఉన్నా
ఆయనకు అదీ మిగతా గదుల్లాంటి గదే.
నెల జీతం, జాకెట్టు గుడ్డ ఇచ్చి పంపేశారు.

మళ్ళీ చూళై మిల్లు.
అయ్యో అన్నాన్నేను.
తాత తల అడ్డంగా ఊపాడు.
రెండు పిడికిళ్ళతో నా చెవులు మూసి
పుర్రె అదిరేలా ఆడించి
మగ్గాల హోరు చూపించాడు.
ఆ హోరులో ఎవరి గొంతూ ఎవరికీ ఆనదు.
మూడొందలమంది
పెదవులతోనే వేళాకోళమాడతారు, అప్పులడుగుతారు,
మేస్త్రీ ఎదురుగానే మేస్త్రీని తిడతారు.
ఆమె ఆ విద్య నేర్చిందే అక్కడ.

బొమ్మల్లో ఒక్కటీ మిగల్లేదు.
రెండు డేరాతోపాటు కాలాయి.
రెండు గాజులవాళ్ళు తూకానికి కొనుక్కుపోయారు.
ఆఖరిదాంట్లో ఆఖరి మాట తాతకు గుర్తుంది.
బోసి నోటితో చేసి చూపించాడు, మూడుసార్లు.
నాకు పెదవులు చదవడం రాదు.
చేతుల్తో చెప్పమన్నాను.
గాల్లోంచి ఒక టికెట్టు తీసి, చింపి,
సగం నా చేతిలో పెట్టి
సగం తన దగ్గరే ఉంచుకున్నాడు.